గుండు నిమురుకునే పెద్దాయన

ఒక దొంగ పసిపిల్లాణ్ని ఎత్తుకుపోయి గుడిసెలో దాక్కున్నాడు. ఊరంతా బయట నిలబడి చూస్తోంది. ఏటి ఒడ్డున ఒక నడివయసు సమురాయ్ తాపీగా కూర్చుని గుండు గీయించుకుంటున్నాడు. సన్యాసి వేషంలో వెళ్తే తప్ప దొంగ దగ్గరికి రానివ్వడు. సమురాయ్ అంటే పాతకాలపు జపాన్ యోధుడు, అతనికి సిగ అంటే పరువు. ఎవరి బిడ్డ కోసమో దాన్ని తీసేస్తున్నాడు. అదేం మనిషని గుడ్లప్పగించి చూస్తున్న జనంలో నటుడు తొషిరో మిఫునే కూడా ఉన్నాడు.

1954లో వచ్చిన జపాన్ సినిమా 'సెవెన్ సమురాయ్'లోది ఈ సీన్. ఆ పేరు అనగానే అందరూ మిఫునే గురించే చెబుతారు. నాకు మాత్రం ఆ గుండాయన, నటుడు తకాషి షిమురా, గుర్తొస్తారు. సినిమా పొడుగునా ఆలోచన వచ్చినా, నవ్వొచ్చినా, దిగులేసినా మొలుస్తున్న జుట్టు మీద అరచేత్తో రాసుకుంటూనే ఉంటారు. పరువు పోయిన చోటే చెయ్యి తిరుగుతుంటుంది. దానికి డైలాగ్ అక్కర్లేదు.

ఆ సినిమా దర్శకుడు అకిరా కురొసావా తీసిన 30 సినిమాల్లో షిమురా 21 చేశారు. మిఫునే చేసినవి 16. అయినా పోస్టర్ మీద ముఖం మిఫునేది. ఇందులో అన్యాయమేమీ లేదు, ఆయన స్టార్. కాకపోతే మిఫునే అనే ఆ మంట అంత ఎత్తున కనిపించడానికి పక్కన ఒక చల్లని మనిషి ఉండాలి. 'స్ట్రే డాగ్' (1949)లో పిస్టల్ పోగొట్టుకున్న కుర్ర పోలీసు మిఫునే టెన్షన్‌తో ఉడికిపోతుంటాడు. సీనియర్ డిటెక్టివ్ షిమురా అతణ్ని ఇంటికి తీసుకెళ్లి బీరు పోస్తాడు. ఎదుటివాడి మాట వినడాన్నే నటనగా చేసిన మనిషి ఆయన.

హీరోగా చేసినప్పుడూ అంతే. 'ఇకిరు' (1952)లో కడుపు క్యాన్సర్‌తో చావుకు దగ్గరపడ్డ మునిసిపల్ గుమాస్తాల పెద్దగా చేసేనాటికి ఆయన వయసు 47. గొంతు పెగలదు, కళ్లు మాత్రం ఎదుటివాళ్లను వదలవు. మంచులో ఉయ్యాల ఊగుతూ పాడే సీన్ చూశాక చాలాసేపు నోట మాట రాదు.

అంత చేశాక ఏమైంది? 1955లో కురొసావా అణుబాంబు భయంతో కుంగిపోయే ముసలాయన కథ తీసినప్పుడు, ఆ వేషం 35 ఏళ్ల మిఫునేకి జుట్టు నెరిపించి ఇచ్చారు. నిజంగానే 50 దాటిన షిమురాకు దక్కింది ఫ్యామిలీ కోర్టుకు వచ్చే పళ్ల డాక్టర్ పాత్ర. కురొసావా లెక్క ఏదైనా, నాకది మింగుడు పడదు. తర్వాత ఆయన సినిమాల్లో షిమురా వేషాలు చిన్నవవుతూ వచ్చాయి.

షిమురా మాత్రం ఖాళీగా కూర్చోలేదు. తొహో స్టూడియో పిలిస్తే రాక్షస బల్లి సినిమాలకీ వెళ్లారు. మొదటి 'గాడ్జిల్లా' (1954)లో ఆయన పురాజీవ శాస్త్రవేత్త. ఊళ్లు తగలబెడుతున్న ఆ మృగాన్ని చంపొద్దు, అది ఎలా బతికిందో తెలుసుకోవాలని బాధపడే ఒకే ఒక్క మనిషి. రబ్బరు సూట్ వేసుకున్న గాడ్జిల్లాను మనం నమ్మామంటే, సగం ఆ ముఖంలోని దిగులు వల్లే.

1969లో 'తొరా సాన్' సిరీస్ మొదటి సినిమాలో కొడుకుతో ఏళ్ల తరబడి మాటల్లేని తండ్రిగా కనిపిస్తారు. అనుకోకుండా కొడుకు పెళ్లికి వచ్చిన ఆయన ఏం మాట్లాడతాడోనని అందరూ బిక్కుబిక్కుమంటుంటారు. ఆయన నెమ్మదిగా లేచి, తండ్రిగా తను చేయలేకపోయినదంతా ఒప్పుకుంటూ నాలుగు మాటలు మాట్లాడి కూర్చుంటాడు. ఉన్నది కాసేపే. ఆ పెళ్లి మాత్రం ఆయనదైపోతుంది.