మచ్చ లేని విలన్ కావలెను

మొన్న ఆదివారం జగదాంబ జంక్షన్‌లో ఒక సినిమా చూశాను. పేరెందుకు లెండి, మీరూ చూసే ఉంటారు. విలన్‌ది మన విశాఖే. చెంప మీద కత్తిగాటు, ఒక కన్ను తెల్లగా, ఒళ్లంతా బొగ్గు రంగు మేకప్. చేసిన నేరమేమిటో ఇంటర్వెల్ దాకా తెలియలేదు గానీ, మొహం కనబడగానే పక్కసీట్లో కుర్రాడు "వీడే" అనేశాడు. పోలీసులకి ఈ విద్య ఎవరైనా నేర్పాలి.

ఆ విలన్ చేసే వ్యాపారమేమిటో మాత్రం నాకు ఇప్పటికీ అంతుపట్టలేదు. పోర్టు పక్కన గోదాము. దాని నిండా నీలం డ్రమ్ములు. అన్నీ ఖాళీవే, హీరో తన్నితే బంతుల్లా ఎగిరాయి. నెల జీతాల మీద నలభై మంది రౌడీలు, ఎప్పుడు చూసినా క్యారమ్స్. ఒక్క పెట్టె ఓడ దిగదు, లారీ ఎక్కదు. మరి కరెంటు బిల్లు ఎవరు కడుతున్నారు? పైగా మూల నుంచి వెల్డింగ్ నిప్పురవ్వలు రాలుతూనే ఉంటాయి. ఏం అతికిస్తున్నారు బాబూ, డ్రమ్ములన్నీ బాగానే ఉన్నాయిగా! హీరో రాగానే నలభై మందీ టోకెన్ తీసుకున్నట్టు ఒకడి తర్వాత ఒకడే వచ్చి తన్నులు తిన్నారు. రేషన్ షాపు దగ్గర కూడా అంత క్రమశిక్షణ చూడలేదు నేను.

1933 నుంచి నడుస్తున్న అసలు పోర్టులో బొగ్గు దిగుతుంది. ఆ పొడి వన్‌టౌన్ డాబాల మీద, ఆరేసిన బట్టల మీద పడుతుంది. దాన్ని ఎవరూ సినిమా తీయరు. పొడికి మీసాలు లేవు మరి.

1975లో ముత్యాలముగ్గు సినిమాలో విలన్, అంటే రావు గోపాలరావు వేసిన కాంట్రాక్టరు, సూర్యోదయం చూసి మురిసిపోయాడు, కారు డిక్కీలో మేళం పెట్టుకు తిరిగాడు. అలాంటివాడు మన వీధిలోనూ ఉంటాడేమోనని గుబులేసేది. ఇప్పుడా టెన్షన్ లేదు, మచ్చ వెతుక్కుంటే చాలు.

మా వీధిలో ఒకాయనకి ఉంది. ఫిషింగ్ హార్బర్‌లో బోటు తాడు తెగి చెంప చీరేసింది. సినిమా నుంచి వస్తున్న పిల్లలు ఆయన్ని చూసి "ఒరేయ్, విలన్" అని పరుగెత్తారు. వెనకాల తల్లిదండ్రులు నవ్వారు. నవ్వారండీ! సిగ్గుండక్కర్లేదా? గెడ్డని, అంటే వాగుని, సగం పూడ్చి ప్లాట్లు వేసిన పెద్దమనిషి తెల్లచొక్కాలో వస్తే వీళ్లే లేచి కుర్చీ వేస్తారు. 2020 మే 7 తెల్లవారుజామున ఆర్.ఆర్. వెంకటాపురంలో ఫ్యాక్టరీ ట్యాంకు నుంచి లీకైన స్టైరీన్ అనే రసాయనం ఆవిరి ఊరి మీద పడి 12 మంది పోయారు. ఆ ట్యాంకు ముందు ఎవడూ తొడ కొట్టలేదు. అంతా సవ్యంగా ఉందని రాసుకున్న చేతుల మీద ఒక్క గాటూ లేదు!

ఆయన మర్నాటి నుంచి చెంపకి తువ్వాలు చుట్టుకుని హార్బర్‌కి వెళ్తున్నాడు. ఏంటి బాబాయ్ అంటే, "ఎండ" అన్నాడు.

అప్పుడు టైము తెల్లవారుజామున నాలుగు.