సవరణ: భువనేశ్వర్ ప్లాన్ కార్బుజియేది కాదు

మొన్నటి పోస్టులో భువనేశ్వర్‌ను ఆర్కిటెక్ట్ లె కార్బుజియే ఖాళీ అడవిలో గీశాడని రాశాను. రెండూ తప్పే. కార్బుజియేది చండీగఢ్. ఇక్కడ బరంపురంలోనే ఉండే ఒక మాస్టారు ఫోన్ చేసి మరీ చీవాట్లు పెట్టారు!

భువనేశ్వర్ ప్లాన్ ఓటో కోనిగ్స్‌బెర్గర్‌ది. నాజీల జర్మనీ వదిలొచ్చి మైసూరు సంస్థానంలో పనిచేసిన ఆర్కిటెక్ట్. ఇక అడవంటారా, 11వ శతాబ్దపు లింగరాజ ఆలయం చుట్టూ అప్పటికే పాత ఊరుంది. 1948 ఏప్రిల్ 13న నెహ్రూ శంకుస్థాపన చేశారు. ప్లాన్ ప్రకారం పిల్లలు బడికి నడిచి వెళ్లగలిగే 'యూనిట్లు' అనే పేటలు, మొత్తం 40 వేల మందికి. 2011కి జనాభా 8 లక్షలు దాటింది. ఇప్పుడు ఊళ్లో ఉన్న సాలియా సాహి అనే పేదల బస్తీ ఆ ప్లాన్‌లో ఎక్కడా లేదు. అందుకే ఆ పోస్టులో 'అందరికీ సమానమైన ఊరు' అన్న నా మాటనూ కొట్టేశాను.