మూసీకి చోటు కావాలి

2025 సెప్టెంబర్ 26 రాత్రి మూసీ నది హైదరాబాద్‌లోని మహాత్మాగాంధీ బస్‌స్టేషన్ (ఎంజీబీఎస్)లోకి వచ్చింది. పైన ఉస్మాన్ సాగర్, హిమాయత్ సాగర్ జలాశయాల గేట్లు ఎత్తడంతో బస్టాండ్‌లోకి నీళ్లు చేరాయి. దసరాకు సొంతూళ్లకు బయలుదేరిన ప్రయాణికులను తాళ్ల సాయంతో బయటికి తీసుకొచ్చారు. చాదర్‌ఘాట్ చిన్న వంతెన, మూసారాంబాగ్ వంతెన మూసేశారు. టీవీలో ఆ దృశ్యాలు చూస్తుంటే నాకు తేదీ గుర్తొచ్చి గుండె ఝల్లుమంది. ఇంకో రెండు రోజులైతే, నగరాన్ని ముంచెత్తిన 1908 మూసీ వరదకు 117 ఏళ్లు.

ఎంజీబీఎస్ ఉన్న చోటును ఇప్పటికీ అందరం ఇమ్లీబన్ అనే అంటాం. ఆ మాటకు చింతతోపు అని అర్థం. నది మధ్యలో ఉన్న లంక అది. నది పక్కన చెట్లుంటే వరద వాటి మధ్య నుంచి వచ్చి, వాటి మధ్య నుంచే పోతుంది. అక్కడ బస్టాండ్ కట్టుకున్నాం కాబట్టి ఆ రాత్రి నీళ్లు మన మీదికి వచ్చినట్టు అనిపించింది. నిజానికి నీళ్లు వచ్చింది తమ చోటికే.

మూసీ గురించి ఈ మధ్య చాలా మాట్లాడుకుంటున్నాం. సుందరీకరణ, పునరుజ్జీవనం, రివర్‌ఫ్రంట్ అని పేర్లు మారుతున్నాయి. బోటింగ్ ఉంటుందని, నడక దారులు వస్తాయని చెబుతున్నారు. రావాలనే నేనూ కోరుకుంటున్నాను. ఇంత పెద్ద నగరంలో నది ఒడ్డున కూర్చుని గాలి పీల్చుకునే చోటు లేకపోవడం నిజంగా బాధాకరం. కానీ ఆ చోటు ఎలా వస్తుందన్న దగ్గరే నాకు పేచీ. మూసీ చరిత్ర చూసినా, అక్కడి పిట్టలను చూసినా, జనం సరదాగా తిరిగిన రోజులు తలుచుకున్నా నాకు ఒక్కటే కనిపిస్తుంది. ఒడ్డు ఖాళీగా ఉన్నంతకాలం ఈ మూడూ నిలిచాయి. ఒడ్డు నిండిపోయాక మూడూ పోతున్నాయి.

వికారాబాద్ దగ్గర అనంతగిరి కొండల్లో పుట్టి, నల్గొండ జిల్లా వాడపల్లి దగ్గర కృష్ణలో కలిసే ఈ నది పొడవు సుమారు 240 కిలోమీటర్లు. పాత పేరు ముచికుంద. దీని ఉపనది ఈసీ లంగర్‌హౌజ్ దగ్గర వచ్చి కలుస్తుంది. 1948లో గాంధీజీ అస్థికలను కలిపిన ఆ సంగమాన్నే బాపూఘాట్ అంటున్నాం. గోల్కొండ నుంచి నది దాటి రావడానికి 1578లో ఇబ్రహీం కుతుబ్ షా కట్టించిన పురానాపూల్ ఇప్పటికీ నిలబడే ఉంది. చార్మినార్ కంటే 13 ఏళ్లు పెద్దది. హుస్సేన్ సాగర్ నిండింది కూడా బుల్కాపూర్ నాలా మోసుకొచ్చిన మూసీ నీళ్లతోనే. హైదరాబాద్ పుట్టుకే ఈ నదిని నమ్ముకుని జరిగింది.

ఉస్మానియా ఆసుపత్రి ఆవరణలో ఒక చింతచెట్టు ఉంది. మొదలు దగ్గర మాను మెలికలు తిరిగి, ముడతలు పడి, మధ్యలో తొర్రలతో ఉంటుంది. మొన్న వెళ్లినప్పుడు దాని నీడలో రోగుల తాలూకు వాళ్లు దుప్పటి పరుచుకుని టిఫిన్ బాక్సు విప్పుకున్నారు. 1908 సెప్టెంబర్ 28న దాదాపు 150 మంది ఈ చెట్టు కొమ్మలు పట్టుకుని ప్రాణాలు దక్కించుకున్నారు. చుట్టూ నగరం కొట్టుకుపోయింది. చనిపోయినవాళ్లు సుమారు 15 వేల మంది అని అంచనా. అఫ్జల్, ముసల్లం జంగ్, చాదర్‌ఘాట్ వంతెనలు పోయాయి, పురానాపూల్ ఒక్కటే మిగిలింది. రుబాయిలు రాసిన ఉర్దూ కవి అంజద్ హైదరాబాదీ తల్లిని, భార్యను, కూతురిని ఆ నీళ్లలోనే పోగొట్టుకుని తానొక్కడే బయటపడ్డారు. ఆ చెట్టు కింద నిలబడితే ఈ అంకెలు పుస్తకంలో చదివినట్టు ఉండవు. తలెత్తి చూస్తే ఎంత ఎత్తు కొమ్మ దాకా నీళ్లు వచ్చాయో అర్థమవుతుంది.

వరద తర్వాత నిజాం ప్రభుత్వం మోక్షగుండం విశ్వేశ్వరయ్యను పిలిపించింది. 1909లో ఆయన వచ్చి ముందు చూసింది నగరాన్ని కాదు, ఎగువను. నగరానికి పైన ఈ నదిలోకి నీళ్లు తెచ్చే ప్రాంతంలో 788 చెరువులున్నాయని, వాటిలో 221 తెగాయని లెక్క తేల్చారు. ఒక చెరువు తెగి కింది చెరువు మీద పడింది, అది తెగి ఇంకోదాని మీద పడింది. అందుకే పైన రెండు జలాశయాలు కట్టి వరదను ఆపాలన్నారు. మూసీ మీద ఉస్మాన్ సాగర్ 1920లో, ఈసీ మీద హిమాయత్ సాగర్ 1927లో పూర్తయ్యాయి. ఇదంతా చాలామందికి తెలిసిందే. తక్కువమంది గుర్తు చేసుకునే సంగతి ఇంకొకటి ఉంది. నగరం లోపల నది గట్లు పెంచి, ఒడ్డున లోతట్టు చోట్లను తోటలుగా, విశాలమైన బాటలుగా మార్చాలని కూడా ఆయన సూచించారు. 1912లో ఏర్పడిన సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు ఒడ్డు రూపురేఖలు మార్చింది. ఒక ఒడ్డున ఉస్మానియా ఆసుపత్రి, ఎదురొడ్డున హైకోర్టు లేచాయి. ఆ రోజుల్లో పార్కు వేరు, వరద రక్షణ వేరు కాదు. మామూలు రోజుల్లో జనం తిరిగేది, వరదొస్తే నది తిరిగేది ఆ చోటే.

ఇప్పుడు మనం ఆ రెంటినీ విడదీశాం. గోడ కట్టేది వరదకు, బోటు తిప్పేది వినోదానికి అనుకుంటున్నాం. రెంటి మధ్యా నలిగిపోయేది ఒడ్డు.

పిట్టల సంగతికి వస్తే, నేను వీలైన ఆదివారం పొద్దున్నే ఉప్పల్ దాటి పీర్జాదిగూడ వైపు పోతుంటాను. అక్కడ మూసీ నల్లగా, ముక్కు మూసుకోవాల్సిన వాసనతో పారుతుంది. నురగ తెట్టెలు తెట్టెలుగా కొట్టుకుపోతుంటుంది. ఆ నీళ్లలోనే, మడమ లోతున, పల్చటి ఎర్రటి పొడుగు కాళ్ల మీద నలుపు తెలుపు పిట్టలు బారులు తీరి బురదలో పురుగులు ఏరుకుంటుంటాయి. వాటి పక్కన తెల్ల కొంగలు, రెక్కలు ఆరబెట్టుకునే నీటికాకులు, మెరుపులా దూకే లకుముకి పిట్టలు. మొదటిసారి చూసినప్పుడు సంతోషపడ్డాను. నాలుగైదుసార్లు చూశాక దిగులు పట్టుకుంది. నది బాగుందని అవి రావడం లేదు. లోతు తక్కువ నీళ్లు, బురద, గడ్డి ఉన్న చోటు నగరం చుట్టుపక్కల పెద్దగా మిగల్లేదు కాబట్టి వస్తున్నాయి. ఎగువన గండిపేట (ఉస్మాన్ సాగర్‌కు వాడుక పేరు), హిమాయత్ సాగర్ అంచుల్లో చలికాలం వలస పిట్టలు దిగేదీ ఇలాంటి పల్చటి నీళ్లలోనే. ఆ అంచుల్లో నిలువు గోడ కట్టి దీపాలు పెడితే చూడటానికి బాగుంటుంది, పిట్టకు మాత్రం కాలు మోపే చోటుండదు.

అదే చోట నది పక్కన పశువులకు వేసే పారా గడ్డి పెంచుతారు. ఆడవాళ్లు కొడవళ్లతో కోసి మోపులు కట్టి ఆటోల్లో వేస్తుంటారు. నగరంలోని గేదెలు తినేది ఆ గడ్డే. కింద నల్గొండ దాకా కత్వల (నదికి అడ్డంగా కట్టిన చిన్న ఆనకట్టల) మీద ఆధారపడి వరి పండించే రైతులున్నారు. వాళ్లకు మూసీ అంటే మనం వాడి వదిలిన నీళ్లు. అంబర్‌పేటలో రోజుకు 33.9 కోట్ల లీటర్లు శుద్ధి చేసే ప్లాంట్ ఉంది, నాగోల్‌లోనూ ఒకటి ఉంది. అయినా నాలాల్లో పడేదంతా వాటి దాకా చేరడం లేదు. నది బాగుపడిందో లేదో చెప్పాల్సింది నగరంలో రిబ్బన్ కత్తిరించేవాళ్లు కాదు, ఈ గడ్డి కోసేవాళ్లు.

గండిపేట నీళ్లు తాగినవాడు హైదరాబాద్ వదిలి పోలేడని మన పెద్దలు అనేవాళ్లు. మా చిన్నప్పుడు పిక్నిక్ అంటే గండిపేటే. పులిహోర డబ్బాలు, కట్ట మీద నడక, సాయంత్రం నీళ్ల మీద నుంచి వచ్చే చల్లటి గాలి. అక్కడ వినోదం కోసం ఎవరూ ఏమీ కట్టలేదు, నీళ్లు శుభ్రంగా ఉన్నాయి, చుట్టూ ఖాళీ ఉంది, అంతే. ఆ ఖాళీని కాపాడటానికే 1996లో జీవో 111 తెచ్చారు. జలాశయాల చుట్టూ 10 కిలోమీటర్ల పరిధిలో, 84 గ్రామాల్లో నిర్మాణాలకు హద్దులు పెట్టారు. 2022లో ఇంకో జీవోతో ఆ ఆంక్షలు సడలించారు. నా దృష్టిలో మూసీకి ఈ మధ్యకాలంలో జరిగిన అతిపెద్ద నష్టం అదే. పైన నేల కాంక్రీటు అయితే వాన నేలలోకి ఇంకదు, పరుగున జలాశయంలో పడుతుంది. జలాశయం నిండితే గేట్లు ఎత్తుతారు. ఎంజీబీఎస్ మునుగుతుంది.

2024లో నది ఒడ్డు బస్తీల్లో, నదీగర్భంలో ఉన్నాయి కాబట్టి తొలగించాలని గుర్తుగా, ఇళ్ల మీద ఆర్‌బీ-ఎక్స్ అని ఎర్ర రంగుతో రాసినప్పుడు ఎన్ని కుటుంబాలు టెన్షన్‌తో నిద్రపోలేదో మనకు తెలుసు. నదికి చోటు కావాలని రాస్తున్న నేను ఆ ఇళ్లు అక్కడే ఉండాలని అనలేను. వరదొస్తే ముందు మునిగేది వాళ్లే. కానీ చాదర్‌ఘాట్‌లో రెండు గదుల ఇంటికి వర్తించే రూల్ గండిపేట అంచున ప్రహరీ కట్టుకున్న ఫాంహౌస్‌కూ వర్తించాలి. పనికి దగ్గరగా, బడికి దగ్గరగా ఇల్లు చూపించాకే వాళ్లను కదపాలి. ఖాళీ చేయించిన ఆ జాగాలో రేపు షాపింగ్ కాంప్లెక్స్ లేస్తే, చేసిందంతా అన్యాయమే అవుతుంది.

ఒక చిన్న పని వెంటనే మొదలుపెట్టవచ్చు. బాపూఘాట్ నుంచి నాగోల్ దాకా ప్రతి వంతెన స్తంభం మీద రెండు గీతలు గీయాలి. 1908లో నీళ్లు ఎంతవరకు వచ్చాయో ఒకటి, 2025లో ఎంతవరకు వచ్చాయో ఒకటి, పక్కన తెలుగులో, ఉర్దూలో తేదీలు. ఎంజీబీఎస్ ప్లాట్‌ఫారం గోడల మీద కూడా, బస్సు కోసం నిల్చున్న వాళ్లకు కనిపించేంత పెద్ద అక్షరాలతో. ఒడ్డున ఏ నిర్మాణానికి అనుమతి అడిగినా ముందు ఆ గీతల దగ్గరికి తీసుకెళ్లి, మీ కట్టడం దీనికి పైన ఉందా, కింద ఉందా అని అందరి ముందూ అడగాలి.