భుజం విరిగిందా, ఎముక గుల్లబారిందా?

భుజం విరిగిందంటాం గానీ, భుజమనే పేరుతో ఒంట్లో ఎముకేదీ లేదు. ముందు కాలర్ బోన్, వెనక రెక్క ఎముక, పక్కన దండచేతి ఎముక పైకొస. ఈ మూడూ కలిసే చోటును భుజం అంటాం. డాక్టరు రాసిన రికార్డును బీమా బిల్లుల కోసం కోడ్‌లుగా మార్చే మెడికల్ కోడర్ చేతికొచ్చే నోట్‌లో ‘కుడి భుజం ఫ్రాక్చర్, స్లింగ్ వేశాం’ అని ఒక్క ముక్కే ఉందనుకోండి. అమెరికాలో వాడే జబ్బుల, గాయాల కోడ్‌ల జాబితా ఐసీడీ-10-సీఎం ప్రకారం దానికి పడే కోడ్ ఎస్42.91ఎక్స్‌ఏ. కుడివైపు ఫ్రాక్చర్, ఏ ఎముకో చెప్పలేదు, చికిత్స నడుస్తోంది అని దాని సారాంశం. అందులోని ఎక్స్‌కు సొంతంగా అర్థమేమీ లేదు. చివరి ఏ ఏడో స్థానంలోనే కూర్చోవాలి కాబట్టి ముందు వేసిన ఖాళీ పీట అది.

అదే డాక్టరు ఇంకాస్త ఓపికగా రాసి ఉంటే కోడ్ ఎస్42.221ఏ కావచ్చు. చుక్క తర్వాతి మొదటి 2 దండచేతి ఎముక పైకొసను సూచిస్తుంది. రెండో 2 అంటే ఎముక తలకు కాస్త కిందుండే సన్నటి మెడ దగ్గర విరిగి రెండు భాగాలైందని. ఆ తర్వాతి 1కి కుడి చేయి, ముక్క పక్కకు జరిగింది అని అర్థం. జరగకపోతే అక్కడ 4 వస్తుంది. చివరి ఏ అంటే చర్మం చీలని ఫ్రాక్చర్, చికిత్స సాగుతోంది. దీన్ని మొదటిసారి ఆసుపత్రికి రావడమని పొరబడేవారు ఎక్కువ. గాయమైన మూడు వారాలకు ఆపరేషన్ చేసినా అది ఏ కిందకే వస్తుంది.

2015 అక్టోబరు 1న అమెరికా పాత ఐసీడీ-9ను వదిలి ఈ పద్ధతికి మారింది. సుమారు 14 వేలున్న రోగ నిర్ధారణ కోడ్‌లు 70 వేలకు దగ్గరయ్యాయి. పాత కోడ్‌లో విరిగింది కుడి చేయో ఎడమ చేయో కూడా తెలిసేది కాదు. ఆ మేరకు ఇది మంచి మార్పే. కానీ ఇంత సూక్ష్మత ఎక్కడ పోగైందో చూస్తే నాకు అసంతృప్తి కలుగుతుంది.

రెండు, మూడు, నాలుగు భాగాలనే ఈ లెక్క 1970లో చార్లెస్ నీర్ అనే శస్త్రవైద్యుడు ఇచ్చిన వర్గీకరణలోనిది. ముక్క ఒక సెంటీమీటరుకు మించి జరిగినా, 45 డిగ్రీలకు మించి ఒరిగినా దాన్ని వేరే భాగంగా లెక్కిస్తారు. వినడానికి స్పష్టంగానే ఉంది. అయితే ఒకే ఎక్స్‌రేను అనుభవజ్ఞులైన సర్జన్లకు చూపించినా లెక్క ఒక్కటి కాదని పరిశోధనలు చాలాసార్లు తేల్చాయి. కొన్ని వారాల తర్వాత అదే ఎక్స్‌రేను మళ్లీ చూపితే, అదే సర్జన్ మాట మార్చిన సందర్భాలూ ఉన్నాయి. దీనికి తోడు మరో నియమం: ముక్క జరిగిందో లేదో నోట్‌లో లేకపోతే జరిగినట్టే కోడ్ వేయాలి, చర్మం చీలిందో లేదో లేకపోతే చీలనట్టే. నిపుణులే ఒప్పుకోని చోట, డాక్టరు నోరు విప్పని చోట, రికార్డు మాత్రం తొణకకుండా జవాబు చెబుతుంది.

ఇవి చిన్న పొరపాట్లే అనుకుందాం. అసలు నష్టం మొదటి అక్షరం దగ్గర ఉంది.

డెబ్బై దాటిన ఒకావిడ గది మధ్యలో కాలు జారి పడి, దండచేతి ఎముక పైకొస విరగ్గొట్టుకున్నారనుకోండి. ఇది గాయమైతే ఎస్42. ఎముకలు గుల్లబారడం వల్ల విరిగితే ఎం80. మార్గదర్శకం కూడా తేటగానే ఉంది: ఆస్టియోపొరోసిస్, అంటే ఎముకలు గుల్లబారే జబ్బు, ఉన్నట్టు తెలిసిన రోగి చిన్నపాటి పడటానికే ఎముక విరగ్గొట్టుకుంటే, ఆరోగ్యమైన ఎముక అంతమాత్రానికి విరగదు కాబట్టి, గాయం కోడ్ కాకుండా ఎం80 వేయాలి. మెలిక ‘తెలిసిన’ అన్న మాటలో ఉంది. చాలామందికి ఆ జబ్బు ఉందని బయటపెట్టే మొదటి సంఘటన ఈ ఫ్రాక్చరే. అంటే జబ్బు తన ఉనికిని చాటుకున్న రోజునే దాన్ని ప్రమాదాల ఖాతాలో రాసేస్తున్నాం.

అత్యవసర విభాగంలో డాక్టరు దృష్టి చేతి మీద ఉంటుంది. నొప్పి తగ్గించాలి, స్లింగ్ వేయాలి, నరాలు, రక్తప్రసరణ చూడాలి. ‘జారి పడ్డారు’ అని రాసి ముందుకు వెళ్తారు, అందులో తప్పు పట్టడానికేమీ లేదు. ఆపై రికార్డు ఎంత శ్రద్ధ చూపిస్తుందో చూడండి. ఎలా పడ్డారో చెప్పడానికి విడిగా కోడ్‌లున్నాయి. తర్వాతి రాకపోకలకు ఎముక మామూలుగా అతుక్కుంటుంటే డి, ఆలస్యమైతే జి, అతుక్కోకపోతే కె, వంకరగా అతుక్కుంటే పి. ఈ ఎముక ఏమైందో అడుగడుగునా అడుగుతుంది. మిగతా ఎముకల సంగతి అడగదు. ఒకసారి ఇలా విరిగినవారికి తుంటి ఎముక సహా మరో ఎముక విరిగే ముప్పు పెరుగుతుందన్నది వైద్యులకు కొత్త విషయం కాదు.

కోడర్ ఊహించి ఎం80 వేయాలని నేననడం లేదు. వయసు చూసి జబ్బు అంటగట్టడం కోడర్ పని కాదు, నియమాలూ ఒప్పుకోవు. కానీ సందేహమొస్తే డాక్టరుకు ప్రశ్న పంపే వీలుంది. ఆ ప్రశ్న కుడా ఎడమా, ముక్క జరిగిందా లేదా అన్న దగ్గరే ఆగిపోతే ఏం లాభం? కుడో ఎడమో చెప్పని కోడ్‌ను బీమా సంస్థ ప్రశ్నించవచ్చు. ఎం ఉండాల్సిన చోట ఎస్ ఉందని ప్రశ్నించడానికి దానికి పెద్దగా కారణం లేదు. కోడ్‌లను సరిచూసే ఆడిట్ శ్రద్ధ కూడా అలాంటి వివరాల వైపే ఒరుగుతుంది.

2022 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చిన ప్రపంచ ఆరోగ్య సంస్థ కొత్త జాబితా ఐసీడీ-11లో భుజం, పైచేయి ఫ్రాక్చర్లకు ఎన్‌సీ12 అనే కొత్త చిరునామా ఉంది. కుడి, ఎడమ వంటి వివరాలను అదనపు కోడ్‌లుగా జోడించవచ్చు. అయినా అందులోకి వెళ్లే సమాచారం నోట్ నుంచే రావాలి. ‘నిలబడి ఉండగా పడ్డారు, ఎముక సాంద్రత పరీక్ష చేయించాలి’ అని డాక్టరు రాయడానికి అర నిమిషం చాలు. పరీక్షలో జబ్బు తేలి, ఈ ఫ్రాక్చర్ దానివల్లేనని డాక్టరు రాస్తే, తర్వాతి విజిట్‌లో కోడర్ ఎస్ తీసి ఎం వేయగలరు.