సర్వర్ కూలింది, కోడిగుడ్డు తిన్నదెవరు?

మాదాపూర్‌లో ఒక చిన్న సాఫ్ట్‌వేర్ కంపెనీ. పద్నాలుగు మంది ఉద్యోగులు, ఒక కాఫీ యంత్రం, మూడు నెలల జీతం బకాయి. పోయిన నెల ఒక మంగళవారం దాని సర్వర్ కూలిపోయింది. సర్వర్ తనంతట తాను రాసుకునే చిట్టాలు, అంటే లాగ్ ఫైళ్లు, తుడిచే నాథుడు లేక డిస్కు నిండిపోయిందని మా మేనకోడలు పది నిమిషాల్లో కనిపెట్టింది. ఫౌండరు గారు అంత పైపై కారణాలతో తృప్తిపడే మనిషి కారు. చెత్తబుట్టలో ఎగ్ పఫ్ చుట్టిన నూనె కాగితం దొరికింది. కేసు తేలిపోయింది.

ఆయన కోప్పడలేదు, కళ్లు తుడుచుకున్నారు. "తప్పు మీది కాదు, మీకు శ్రద్ధ నేర్పలేకపోయిన నాది" అన్నారు. తిట్లు తిన్నవాడు ఇంటికెళ్లి మరిచిపోతాడు. ఇలాంటి కన్నీళ్లు చూసినవాడు అర్ధరాత్రిదాకా ఊరికే పనిచేస్తాడు. పఫ్ తిన్న కుర్రాడైతే మర్నాడే చిలుకూరు వెళ్లి 108 ప్రదక్షిణలు చేసి వచ్చాడు. అక్కడ మొక్కుకునేటప్పుడు 11, కోరిక తీరాక 108. జీతం ఇంకా రాలేదు గనక 97 ప్రదక్షిణలు అడ్వాన్సు కట్టినట్టే.

ఆ శుక్రవారమే కొత్త వెర్షన్ విడుదల. శుక్రవారం విడుదల చేస్తే శని, ఆదివారాలు ఆఫీసులోనే తెల్లవారుతాయని ఈ రంగంలో అందరికీ తెలుసు. కానీ అమ్మవారి రోజు కదా! రాహుకాలం పదిన్నర నుంచి పన్నెండు, అది దాటాక మీట నొక్కుదామన్నారు. ఇంతలో ఎవరో మెల్లగా, సర్వర్ ఉన్నది వర్జీనియాలో అన్నారు. గది నిశ్శబ్దం. మనకు మధ్యాహ్నం పన్నెండయితే అక్కడ రాత్రి రెండున్నర. వాళ్ల రాహువు దిగేసరికి మనకు రాత్రి తొమ్మిదిన్నర. మరి ఏ ఊరి రాహువును లెక్కలోకి తీసుకోవాలి? సిద్ధాంతి గారికి ఫోను వెళ్లింది. నొక్కేవాడు ఇక్కడున్నాడు గనక కర్తకు హైదరాబాద్ కాలం, ఫలితం అక్కడ గనక కర్మకు వర్జీనియా కాలం, క్రియ సముద్రం అడుగున తీగలో నడుస్తుంది గనక దానికి వేరే శాంతి, వెరసి మూడు దక్షిణలు అన్నారాయన. రాత్రి 9:35కి నిమ్మకాయ కోసి, రసం కీబోర్డు మీద చిందగా, మీట నొక్కారు. 9:42కి లాగిన్ పేజీ మాయమైంది.

మళ్లీ దోషి కావాలి. ఈసారి ఆడపిల్లలకు ఒక ఎక్సెల్ పట్టిక పంపారు, నెలసరి తేదీలు నింపమని. మంగళవారం మా పిల్ల పూజ అలమర పక్క సీట్లో కూర్చుందని తేలింది. ఆమె బల్లను మెట్ల దగ్గరికి మార్చారు.

ఇక్కడిదాకా నవ్వుతూ విన్నాను. "తప్పు నాదేనేమో మామయ్యా, ఆ రోజు సెలవు పెట్టవలసింది" అంది. ఇరవై నాలుగేళ్ల ఇంజనీరు, జబ్బేమిటో పది నిమిషాల్లో పట్టుకున్న పిల్ల! ఆమె చేత ఈ మాట అనిపించినవాడికి సిగ్గుండాలి. జీతాలిచ్చిన నెలల్లో వీళ్ల దగ్గర కోసుకున్న 12 శాతం పీఎఫ్, మరుసటి నెల 15లోగా కట్టవలసిన సొమ్ము, కట్టనే లేదు. దానికి ఏ రాహువు అడ్డొచ్చాడయ్యా? పిల్లల నెత్తురు లెక్కలు రాసుకోవడానికి పట్టిక ఉంది గానీ వాళ్ల డబ్బు లెక్కలకు లేదా?

నిన్న మళ్లీ ఫోను చేసింది. డిస్కు 93 శాతం నిండిందట, చెప్పనా అని అడిగింది.

వద్దమ్మా, నిమ్మకాయలు కొనుక్కోనీ అన్నాను.