బ్రేకు మహాత్మ్యం

క్యాజువల్ పనివాళ్లను పర్మనెంట్ చెయ్యాలని ఎన్నికలొచ్చినప్పుడల్లా ఒక గోల లేస్తుంది. గోల చేసేవాళ్లకు సర్వీసు రూల్సు తెలియవు. నాకు కొంచెం తెలుసు కనుక చెబుతున్నాను: వాళ్ల సర్వీసులో బ్రేకులున్నాయి. తెగిన దారం ఇచ్చి దండ గుచ్చమంటే ప్రభుత్వం మాత్రం ఏం చేస్తుంది? ఆ దారం తెంపిందెవరని అడిగే కొంటెవాళ్లు కొందరుంటారు. అది అప్రస్తుతం.

అసలు తప్పు 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టానిది. 12 నెలల్లో 240 రోజులు పనిచేస్తే ఏడాదంతా చేసినట్టేనని బాహాటంగా అంకె చెప్పేసింది. గీత ఎక్కడుందో తెలిశాక దాన్ని తొక్కనివ్వడానికి మన అధికారులు అంత అమాయకులా? కొన్నిచోట్ల ఆ అంకె దగ్గరికి రాకముందే మస్టర్లో, అంటే హాజరు పట్టీలో, పేరు మాయం. మరికొన్ని చోట్ల 89 రోజులకో ఆర్డరు, ఒక్కరోజు బ్రేకు, మళ్లీ 89 రోజులు. ఇలా ఇరవై ఏళ్లు గడిచినా మనిషి కొత్తగా చేరినట్టే ఉంటాడు. జుట్టు మాత్రం రూల్సు పాటించక నెరుస్తుంది.

ప్రభుత్వం దయ చూపలేదనడం అన్యాయం. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1994 ఏప్రిల్‌లో 212 నంబరు జీవో వచ్చింది. 1993 నవంబరు 25 నాటికి ఐదేళ్లు ఎడతెగకుండా పనిచేసిన ఎన్‌ఎంఆర్‌లను, అంటే మస్టర్ మీద రోజుకూలికి చేసేవాళ్లను, రెగ్యులర్ చేస్తామంది. ఎడతెగకుండా అన్న ఆ ఒక్కమాటలో ఎన్ని ఫైళ్లు మునిగాయో! దాన్నీ దాటినవాడికి ఇంకో షరతు: క్లియర్ వేకెన్సీ ఉండాలి. రోజూ ఊడ్చే వరండా ఉంది, చీపురు ఉంది, ఊడ్చే మనిషి ఉన్నాడు. పోస్టు మాత్రం లేదు.

2006లో సుప్రీంకోర్టు ఉమాదేవి తీర్పు వచ్చింది. మంజూరైన ఖాళీల్లో, కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా పదేళ్లు చేసినవాళ్లను ఒకేఒక్కసారి పరిశీలించవచ్చంది. అంటే బ్రేకు అన్యాయమని కోర్టుకెళ్లి స్టే తెచ్చుకుంటే ఆ ఏళ్లు లెక్కలోకి రావు. కోర్టుకెళ్లకపోతే బ్రేకు రానే వస్తుంది. ముందు నుయ్యి, వెనక గొయ్యి, మధ్యలో రోజుకూలి. ఈ తీర్పును ఆఫీసులు ఎంత భక్తిగా పారాయణం చేశాయంటే, 2024 డిసెంబరులో, కేంద్ర జల సంఘంలో ఏళ్ల తరబడి ఊడ్చినవాళ్ల కేసులో, మేం చెప్పింది దీనికోసం కాదని సుప్రీంకోర్టే అనాల్సి వచ్చింది.

క్యాజువల్ అన్న మాటకున్న శక్తి కూడా గమనించాలి. లీవు పక్కన చేరితే జీతం వస్తుంది, లేబర్ పక్కన చేరితే పోతుంది. 2011లో సకల జనుల సమ్మెలో ఉద్యోగులు 42 రోజులు ఆఫీసులకు రాలేదు. తర్వాత తెలంగాణ ప్రభుత్వం దాన్ని స్పెషల్ క్యాజువల్ లీవు కింద లెక్కగట్టింది. మంచిదే, నేనూ సంతోషించాను. అయితే 42 రోజులు రాకపోయినా తెగని సర్వీసు, వస్తానన్నవాణ్ణి ఒక్కరోజు రావద్దంటే ఎలా తెగుతుందో ఏ సెక్షన్ సూపరింటెండెంటూ నాకు విడమరిచి చెప్పలేదు. టీ మాత్రం తాగించారు. తెచ్చింది క్యాజువల్ మనిషే.

ఆయన సంగతే చెప్పాలి. ఆ ఆఫీసు తాళాలు ఆయన దగ్గరే ఉంటాయి. కనుక బ్రేకు రోజున కూడా పొద్దున్నే వచ్చి తలుపులు తియ్యాలి, లేకపోతే ఆయనకు బ్రేకు ఇచ్చే అధికారులు లోపలికి పోలేరు. నీళ్లు పట్టాలి, తపాలా పంచాలి. మస్టర్లో మాత్రం ఆ రోజు ఆయన లేడు.

మొన్న అలాంటి రోజునే తపాలా కట్టలో ఆయన పేరునే ఒక కాగితం వచ్చింది. సర్వీసులో బ్రేకులున్నందున రెగ్యులర్ చెయ్యడం కుదరదని సారాంశం. అందినట్టు సంతకం చేయమన్నారు. పెన్ను పట్టుకుని ఆయన ఆగాడు.

"సార్, ఇయ్యాల నేను డ్యూటీలో లేను కదా. ఏ తేదీ వెయ్యమంటారు?"

సూపరింటెండెంటు క్యాలెండర్ వంక చూశాడు.

"రేపటిది వెయ్యి. వెళ్తూ వెళ్తూ ఆ ఫ్యాన్ కట్టెయ్."