కేకే లైన్ ఎవరిదన్న గొడవలో కొండ మీది ప్రయాణికుడు ఎక్కడ?

2025 ఫిబ్రవరిలో కేంద్ర కేబినెట్ వాల్తేరు రైల్వే డివిజన్‌ని రెండుగా విడగొట్టింది. పలాస నుంచి విశాఖ మీదుగా దువ్వాడ దాకా ఉన్న మెయిన్ లైన్, చుట్టుపక్కల చిన్న లైన్లు కలిపి సుమారు 410 కిలోమీటర్లు విశాఖపట్నం డివిజన్ పేరుతో కొత్త దక్షిణ కోస్తా జోన్‌లో ఉంటాయి. కొత్తవలస నుంచి ఛత్తీస్‌గఢ్‌లోని కిరండూల్ దాకా కొండలెక్కి వెళ్లే కేకే (కొత్తవలస–కిరండూల్) లైన్‌లో బచేలి దాకా ఉన్న భాగంతో సహా సుమారు 680 కిలోమీటర్లు ఒడిశాలోని రాయగడ డివిజన్‌కి, అంటే తూర్పు కోస్తా జోన్‌కి పోతాయి. అప్పటినుంచి మన దగ్గర వినిపిస్తున్న మాట ఒక్కటే: ఈ లైన్ మోసే ఇనుప ఖనిజం ఆదాయం పోయింది, బంగారు బాతుని ఒడిశాకి ఇచ్చేశారు. ఆ బాధలో న్యాయం ఉంది. కానీ ఈ లైన్ పుట్టినప్పటినుంచీ దాన్ని టన్నుల్లోనే కొలిచారు. ఇప్పుడు మనం చేస్తున్న వాదన కూడా అదే కొలతతో సాగడం నాకు నచ్చడం లేదు.

విశాఖలోని వాల్తేరు రైల్వే ఊరు కావడానికి కారణం కొండలు కాదు, సముద్రం. 1890ల్లో బెజవాడ, కటక్ మధ్య తీరం వెంట లైన్ వేసినప్పుడు ఇక్కడ స్టేషన్ వచ్చింది. ఆ తర్వాత ఉత్తరం వైపు భాగం బెంగాల్ నాగపూర్ రైల్వేకి, దక్షిణం వైపుది మద్రాస్ రైల్వేకి వెళ్లాయి. రెండు కంపెనీలు కలిసే చోటు గనుక సిబ్బంది, క్వార్టర్లు, ఆఫీసులు పెరిగాయి. 1931లో రాయపూర్–విజయనగరం లైన్ పూర్తయింది, 1933లో విశాఖ హార్బర్ ప్రారంభమైంది. మధ్య భారతం సరుకుకి సముద్రం దారి చూపించాలన్నదే అప్పటి ఆలోచన. లోపలి కొండల్లో ఉన్నదాన్ని ఓడ దాకా దించడం ఈ ఊరికి అప్పటికే అలవాటైన పని. కేకే లైన్ ఆ పనిని పదింతలు చేసింది.

దాని కథ జపాన్‌తో మొదలవుతుంది. యుద్ధం తర్వాత ఉక్కు పరిశ్రమని మళ్లీ నిలబెట్టుకుంటున్న జపాన్‌కి ఇనుప ఖనిజం కావాలి, మనకి విదేశీ మారకం కావాలి. 1960లో జపాన్ ఉక్కు కంపెనీలతో భారత ప్రభుత్వం ఒప్పందం చేసుకుంది. ఏటా 60 లక్షల టన్నులు ఎగుమతి చేయాలి, అందులో 40 లక్షలు బస్తర్‌లోని బైలాడిలా కొండల నుంచి రావాలి. ఆ ఖనిజం కోసమే దండకారణ్య–బోలంగీర్–కిరిబురు ప్రాజెక్టు కింద మూడు లైన్లు తలపెట్టారు. మిగతా రెండూ ఒడిశా వైపువి. మూడోది, అన్నిటికంటే కష్టమైనది, కొత్తవలస నుంచి కిరండూల్ దాకా సుమారు 445 కిలోమీటర్ల లైన్. 1968లో బైలాడిలా గని పని మొదలయ్యేనాటికి రైలు సిద్ధంగా ఉంది.

డార్జిలింగ్‌కి రెండడుగుల గేజ్ చాలింది, ఊటీకి మీటర్ గేజ్, పళ్ల చక్రం చాలాయి. అవి దొరల్ని వేసవిలో చల్లటి చోటికి చేర్చడానికి వేసినవి. చిన్న ఇంజిన్, నాలుగు బోగీలు, వంపు తర్వాత వంపు తిరుగుతూ ఎంత నెమ్మదిగా వెళ్లినా ఇబ్బంది లేదు. ఇక్కడ వేలాది టన్నుల బరువున్న గూడ్స్ నడవాలి. కాబట్టి బ్రాడ్‌గేజే కావాలి, వంపులు మరీ బిగుతుగా ఉండకూడదు, ఏటవాలు ఒక హద్దు దాటకూడదు. అనంతగిరి కొండల్లో ఈ మూడూ ఒకేసారి సాధించాలంటే తవ్వడం తప్ప దారి లేదు. 58 సొరంగాలు, 84 పెద్ద వంతెనలు అలా వచ్చాయి. బొడ్డవర దాటాక శివలింగపురం, త్యాడ, చిమిడిపల్లి, బొర్రా గుహలు, కరకవలస అంటూ లైన్ కొండని పట్టుకుని పైకి పాకుతుంది. శిమిలిగూడ చేరేసరికి సముద్ర మట్టానికి 996 మీటర్ల ఎత్తు. కాశ్మీర్‌లో రైలు పడేదాకా దేశంలో బ్రాడ్‌గేజ్ మీద ఇంతకంటే ఎత్తైన స్టేషన్ లేదు. అక్కడితో అయిపోలేదు. అరకు దాటి కోరాపుట్ చేరాక, అక్కడినుంచి జయపురం వైపు మళ్లీ ఘాట్ దిగాలి. అంటే బస్తర్ నుంచి వచ్చే లోడు రైలు ముందు జయపురం దగ్గర కొండెక్కాలి, ఆ తర్వాత శిమిలిగూడ నుంచి మైదానానికి దిగాలి. ఎక్కేటప్పుడు ఇంజిన్ల బలం కావాలి, దిగేటప్పుడు బ్రేకుల మీద నమ్మకం కావాలి. ఘాట్ మీద బండి నడిపే లోకో పైలట్‌కి రెండోదే ఎక్కువ టెన్షన్.

ఈ లైన్ వాల్తేరుని మార్చిన తీరు గురించి ఎక్కువ చెప్పుకోవాలి, ఎందుకంటే ఇప్పటి గొడవలో అది సరిగా వినబడటం లేదు. ఇక్కడి డీజిల్ లోకో షెడ్ 1965లో వచ్చింది ఈ ఖనిజం రవాణా కోసమే. 1980ల మొదట్లో లైన్‌కి కరెంటు ఇచ్చినప్పుడు ఎలక్ట్రిక్ లోకో షెడ్ కూడా వచ్చింది. దేశంలో చాలా మెయిన్ లైన్లు ఇంకా డీజిల్ మీద నడుస్తున్న రోజుల్లో ఒక అడవి లైన్‌కి కరెంటు వచ్చిందంటే కారణం ఆ బరువే. పెద్ద ఖనిజం ఓడలు ఆగడానికి 1976లో ఔటర్ హార్బర్ వచ్చింది. కంచరపాలెం, మర్రిపాలెం, జ్ఞానాపురం, దొండపర్తి వీధుల్లో రైల్వే జీతంతో పిల్లల్ని చదివించిన కుటుంబాలు ఎన్నో. ఇంజిన్ ఫిట్టర్లు, గార్డులు, ట్రాక్‌మెన్, సిగ్నల్ వాళ్లు, యార్డులో రాత్రి షిఫ్టు చేసేవాళ్లు. స్టేషన్ బోర్డు మీద వాల్తేరు పోయి విశాఖపట్నం ఎప్పుడో వచ్చింది, కానీ ఆ పేటల్లో రైల్వే ఇంకా బతుకే.

అదే కాలంలో ఇదే నగరంలో ఇంకో కథ నడిచింది. 1966లో కొండల్లో ఈ లైన్ పని సాగుతుండగానే, కింద విశాఖలో ఉక్కు కర్మాగారం కోసం అమృతరావు నిరాహార దీక్షకి కూర్చున్నారు. నవంబరు 1న విశాఖలో కాల్పులు జరిగాయి. రాష్ట్రమంతా కలిపి ఆ ఉద్యమంలో 32 మంది చనిపోయారు. జపాన్ ఉక్కు కోసం మన రేవు దాకా లైన్ వేయడానికి ఢిల్లీకి ఒక ఒప్పందం చాలింది. అదే రేవు పక్కన మన ఉక్కు కోసం ప్రాణాలు పోవాల్సి వచ్చింది. చివరికి కర్మాగారం వచ్చింది, సొంత ఇనుప గని మాత్రం రాలేదు. ఇవాళ్టికీ విశాఖ ఉక్కుకి బైలాడిలా ఖనిజం ఈ లైన్ మీదే దిగుతుంది. కేకే లైన్ మీద విశాఖ జనానికి ఉన్న హక్కు భావం ఊరికే పుట్టింది కాదు.

అయినా ఆదాయం వాదనలో ఒక బలహీనత ఉంది. జోన్ సంపాదించిన డబ్బు జోన్ దగ్గరే ఉండిపోదు, రైల్వే పద్దు దేశమంతటికీ ఒకటే. సరుకు ఎక్కడ ఎక్కిందో అక్కడి ఖాతాలో లోడింగ్ రాస్తారు. బైలాడిలా ఖనిజం ఎక్కేది ఛత్తీస్‌గఢ్‌లో. డివిజన్ చేజారితే పోయేది ప్రధానంగా పరపతి: పోస్టులు, పనుల మంజూరు, ఢిల్లీలో మాట చెల్లుబాటు. అవి చిన్నవని నేను అనడం లేదు. ఇంజిన్లు చూసుకునే షెడ్లు, ఖనిజం దిగే రేవు విశాఖలో ఉంటే, వాటిని బతికించే ఘాట్ పెత్తనం రాయగడలో ఉండటం పని పరంగా కూడా నాకు సరైనదిగా అనిపించదు. వర్షాకాలంలో త్యాడ దగ్గర కొండచరియ విరిగిపడితే ముందు పరిగెత్తాల్సింది దగ్గర్లో ఉన్నవాళ్లే. కనీసం కొత్తవలస నుంచి అరకు దాకా అయినా విశాఖ డివిజన్‌లో ఉంచాలన్న డిమాండ్‌తో నేను పూర్తిగా ఏకీభవిస్తాను.

అయితే అరకు విశాఖ డివిజన్‌లోనే ఉన్న ఇన్ని దశాబ్దాల్లో అరకు మనిషికి ఏం దక్కింది? ఇది మనల్ని మనం అడగాల్సిన ప్రశ్న. దశాబ్దాల పాటు ఈ లైన్ మీద పగలు నడిచిన ప్రధానమైన బండి కిరండూల్ ప్యాసింజర్ ఒక్కటే. పొద్దున్నే విశాఖలో బయలుదేరి పైకి, తిరుగు బండి సాయంత్రానికి కిందికి. ఈ వేళలు విశాఖ నుంచి బొర్రా గుహలు చూడ్డానికి వెళ్లేవాళ్లకి బాగా కుదిరాయి. కానీ ఒక కొండదొర గిరిజన రైతు విశాఖ పెద్దాసుపత్రి కేజీహెచ్‌లో పిల్లని చూపించుకోవాలన్నా, ఏదైనా ఆఫీసులో కాగితం పని చూసుకోవాలన్నా ఆ బండి దిగేది చీకటి పడ్డాక. రాత్రి నగరంలో ఎక్కడో పడుకుని, మర్నాడు పని చూసుకుని, మూడో రోజు పొద్దున బండెక్కాలి. లేదంటే ఘాట్ రోడ్డు మీద బస్సో, జీపో. తర్వాత కొన్ని రైళ్లు కలిశాయి, అయినా ఈ లైన్ మీద మొదటి దారి గూడ్స్‌దే. సింగిల్ లైన్ గనుక ఎదురు బండి కోసం ప్యాసింజర్ పక్క లైన్లో నిలబడి చూస్తుంది.

2017 ఏప్రిల్‌లో అద్దాల బోగీ వచ్చింది. దాన్ని తప్పుపట్టను, ఆ లోయలు చూడటానికి అర్హమైనవే. పర్యాటకులు వస్తే కాఫీ, పనస, సీతాఫలం, బొంగులో చికెన్ అమ్ముకునేవాళ్లకి నాలుగు డబ్బులు వస్తాయి. కానీ శీతాకాలం సెలవుల్లో జనరల్ బోగీలు కూడా నగరం వాళ్లతోనే నిండిపోతే, సంతకి బుట్టలు వేసుకుని వెళ్లే ఆడవాళ్లు తమ స్టేషన్లో తామే ఎక్కలేని పరిస్థితి వస్తుంది.

లైన్ అవతలి చివర పరిస్థితి ఇంకా కఠినం. కిరండూల్, బచేలి గని ఊళ్లు. వాటి చుట్టూ ఉన్న దంతేవాడ పల్లెలకి రైలంటే తమ కొండని పట్టుకుపోయే బండి. మావోయిస్టులు పట్టాలు తీసేసి బళ్లని పడగొట్టిన ఘటనలు ఎన్నో, ప్యాసింజర్‌ని దంతేవాడలోనే ఆపేసిన రోజులూ చాలా ఉన్నాయి. ఆ హింసని సమర్థించేది లేదు. ఒక ప్రైవేటు ఉక్కు కంపెనీ కిరండూల్ నుంచి విశాఖకి 267 కిలోమీటర్ల పైపులైన్ వేసి, ఖనిజాన్ని నీళ్లలో కలిపి పంపడం మొదలుపెట్టాక ఒక సంగతి బాగా స్పష్టమైంది: ఖనిజానికి రైలే కావాలని లేదు. రైలు లేకపోతే గడవనిది దారి పొడవునా ఉన్న మనుషులకే.

ఇప్పుడు లైన్ డబ్లింగ్ జరుగుతోంది. అది పూర్తయితే ఎదురు బండి కోసం ఆగే అవసరం చాలావరకు తీరుతుంది. ఆ వెసులుబాటు అంతా ఇంకొన్ని ఖనిజం గూడ్స్ బళ్లకే పోతుందా, కొంతైనా మనుషులకి దక్కుతుందా అన్నది ఇప్పుడే తేల్చుకోవాలి, పట్టాలు పడ్డాక కాదు. నేను కోరేది పెద్దది కాదు. తెల్లవారుజామున అరకు నుంచి బయలుదేరి ఆఫీసులు తెరిచే వేళకి విశాఖ చేరి, సాయంత్రం వెనక్కి వెళ్లే లోకల్ ఒకటి, అన్ని చిన్న స్టేషన్లలో ఆగేలా. సెలవు రోజుల్లో కొండ ఊళ్ల వాళ్ల కోసం విడిగా రెండు జనరల్ బోగీలు. చిమిడిపల్లి, కరకవలస లాంటి చోట్ల ప్లాట్‌ఫాం మీద నీడ, మరుగుదొడ్డి. డివిజన్ విశాఖ చేతిలో ఉన్నా రాయగడ చేతిలో ఉన్నా ఇవి చేయడానికి అడ్డం ఏమీ లేదు. ఆదాయం కోసం రోడ్డెక్కిన పార్టీలన్నీ తమ డిమాండ్ల జాబితాలో ఈ లోకల్‌ని మొదటి వరసలో రాసి, రెండు డివిజన్ల మేనేజర్ల చేతికీ ఇవ్వాలి.